గుళ్లూ కోటలూ కాకుండా, మీ ఊరి పొలాల్లో మనిషి చేసిన అన్నిటికన్నా పాత పని ఏది?

సగిలేటి అబ్బి (పోరుమామిళ్ల)

ఇక్కడ ఏ చర్చ మొదలైనా పదో పోస్టుకల్లా ఎవరో ఒకరు "సీమ రాత అంతేలే, దేవుడు రాళ్లిచ్చినాడు, వానలియ్యలేదు" అని తేల్చేస్తారు. వాన సంగతి ఒప్పుకుంటా. నేల సంగతి ఒప్పుకోను. మా చెరువు కట్ట మీద నిలబడి చూస్తే కనిపించేదాంట్లో దేవుడు చేసినవి కొండలు మాత్రమే. కట్ట, తూములు, కాలవలు, మళ్లు, మళ్ల మధ్య గెనాలు, అన్నీ మనుషుల పనే.

చెరువు శాసనం 1369 నాటిది. బుక్కరాయల కొడుకు భాస్కరుడు కట్టించాడు. రోజుకు వెయ్యి మంది కూలీలు, రాయి తోలడానికి వంద బండ్లు, రెండేళ్ల పని అని అందులో ఉంది. నాకు నచ్చేది ఆ లెక్క కాదు. మంచి చెరువుకు ఉండాల్సిన పన్నెండు లక్షణాలు, ఉండకూడని ఆరు దోషాలు రాతి మీద చెక్కించారు చూడండి, అదీ. గట్టి నేల, దూరం నుంచి వచ్చే తీపి నీళ్ల ఏరు, కొండల మధ్య కట్ట, దగ్గర్లోనే రాతి గని, పని తెలిసిన మనుషులు ఉండాలి. కట్ట కారడం, చౌడు నేల, చెరువు మధ్యలో మిట్ట, నీళ్లకు మించి ఆయకట్టు, ఆయకట్టుకు మించి నీళ్లు దోషాలు. ఇంకో దోషం ఏంటో తెలుసా? చెరువు రెండు రాజ్యాల సరిహద్దులో ఉండటం! తుంగభద్ర నీళ్ల కోసం ప్రతి ఏడూ మనం పడే తంటా చూస్తే ఆ శాసనం రాసినాయన కాళ్లు మొక్కాలనిపిస్తుంది.

మీ ఊళ్ల సంగతి చెప్పండి. గుళ్లు, కోటలు వద్దు, అవి ఎత్తితే ఏ రాజు ఎవరివాడు అనే గొడవలోకి పోతాం.

కందిచేను (కళ్యాణదుర్గం)

1369 అంటే మా లెక్కలో నిన్నమొన్నటిది అబ్బీ. మా జిల్లా పాలవాయిలో బూడిద దిబ్బ ఉంది. బళ్లారి వైపు పోతే ఇట్లాంటివి ఇంకా చాలా. రాక్షసుల్ని కాల్చిన బూడిద అని పెద్దోళ్లు చెప్పేవాళ్లు. నిజానికి అది పేడ. నాలుగైదు వేల ఏళ్ల కిందట, రాతి గొడ్డళ్ల కాలంలో, ఇక్కడి జనం పశువుల్ని ఒకే చోట మంద పెట్టి, పోగుపడిన పేడను కాల్చేవాళ్లు. తరాల తరబడి అదే చోట. కొన్ని దిబ్బల్లో వేడికి బూడిద కరిగి గాజులాగా గట్టిపడింది. రాబర్ట్ బ్రూస్ ఫుట్ అనే దొర 19వ శతాబ్దంలోనే ఇది పేడ అయ్యుంటుందన్నాడు, తర్వాత పరీక్షల్లో అదే తేలింది. ఎందుకు కాల్చారనేది మాత్రం పండితులు ఇంకా కొట్టుకుంటున్నారు.

ఆ జనం పండించినవి ఉలవలు, పెసలు, అండుకొర్రలు. అవే అండుకొర్రల్ని మనం ఇప్పుడు సిరిధాన్యాలని కిలో లెక్కన ప్యాకెట్లలో కొంటున్నాం.

అన్ని పశువులు అన్ని తరాలు మేస్తే చుట్టూ అడవి ఉన్నదున్నట్టు ఉంటుందా? మన గుట్టల మీద ముళ్లపొదలు, మధ్యలో కసువు (గడ్డి) బీళ్లు చూసి "సహజంగా ఇంతే" అంటాం. ఆ సహజం వెనక మందలు ఉన్నాయి. దిబ్బలు తరిగిపోవడానికి కూడా రైతులే కారణం, బూడిదను బండ్లకెత్తి చేలకు ఎరువుగా తోలేశారు. తప్పేముంది, పేడ చేరాల్సిన చోటికే చేరింది.

రేగడి నేల (కోయిలకుంట్ల)

మా వైపు చెరువులు తక్కువ. నల్లరేగడి వాన నీళ్లు తాగి పెట్టుకుంటుంది, ఆ తేమతోనే జొన్న, శనగ వచ్చేస్తాయి. కాబట్టి మా పాత పని కట్టల్లో కనపడదు, దుక్కిలో కనపడుతుంది. రేగడిలో తుంగ, గరిక పట్టిందంటే మామూలు మడకతో పోదు. పెద్దమడకకు జతల కొద్దీ ఎద్దులు కట్టి లోతుగా దున్నేవాళ్లు, అప్పటికీ మిగిలిన వేళ్లను గడ్డపారలతో తవ్వి ఏరేవాళ్లు. నంద్యాల దాటాక మైళ్ల కొద్దీ చెట్టు లేని చదును చేను చూసి బయటివాళ్లు "ఎంత బాగుందో" అంటారు. అది అంత నున్నగా కావడానికి ఎన్ని నడుములు విరిగాయో!

రెండోది కేసీ కాలువ. దీని కథ సరదాగా ఉంటుంది. 1860ల్లో మద్రాస్ ఇరిగేషన్ అండ్ కెనాల్ కంపెనీ అనే ప్రైవేటు కంపెనీ లాభాల కోసం తవ్వింది. తుంగభద్ర మీద సుంకేసుల ఆనకట్ట నుంచి కడప దాకా 300 కిలోమీటర్ల పైన. నీళ్లు అమ్ముకోవచ్చు, పడవలు నడపొచ్చు అని లెక్క వేశారు. నీళ్లు వచ్చాయి, మావాళ్లు తీసుకోలేదు! రేగడి చేలో జొన్న వానకే పండుతుంటే నీటి పన్ను ఎందుకు కట్టాలి? పైగా నీళ్లు నిలిస్తే రేగడి పాడైపోతుందని భయం. కంపెనీ నష్టాల్లో పడింది, 1882లో సర్కారే కొనేసింది. ఇప్పుడు అదే కాలువ కింద వరి మళ్లు చూసి ఇది తరతరాల వరి సీమ అనుకుంటారు కుర్రాళ్లు. మా ఇళ్లల్లో వరన్నం పండక్కి మాత్రమే వండిన రోజులు మా అమ్మకు గుర్తు.

బెంగుళూరు బస్సు

హైవే నుంచి చూస్తే అన్నీ ప్లాట్ల రాళ్లే సామీ. వెయ్యేళ్ల తర్వాత తవ్వేవాళ్లకు మన కాలం గుర్తుగా అవే దొరుకుతాయి. పసుపు రంగు పూసినవి.

ధర్మవరం కోడలు

రాజులు కట్టించారు సరే. చూసే దిక్కు లేకపోతే చెరువు ఎన్నేళ్లు నిలుస్తుంది? ఆరు వందల ఏళ్లు నిలబెట్టింది ఎవరో కూడా చెప్పుకోవాలి కదా అబ్బీ. దశబంధం అని ఉండేది. చెరువు తవ్వించినవాళ్లకో, మరమ్మతు చూసుకునేవాళ్లకో కొంత భూమి ఇనాంగా ఇచ్చేవాళ్లు, ఆ భూమి తింటున్నంత కాలం కట్ట బాధ్యత వాళ్లది. తూము తీసి మూసే నీరుగంటికి పంటలో మేర. ఎండాకాలం చెరువు ఎండగానే ఒండ్రు తవ్వి బండ్లతో చేలకు తోలేవాళ్లు. చేనుకు ఎరువు, చెరువుకు పూడికతీత, రెండూ ఒక్క పనే.

1800లో నిజాం ఈ జిల్లాలను ఈస్టిండియా కంపెనీకి వదిలేశాక కలెక్టరుగా థామస్ మన్రో వచ్చాడు, చేను చేనూ కొలిపించి రైతు మీద నేరుగా శిస్తు వేశాడు. మన్రోను దేవుడిగా మొక్కేవాళ్లు ఉన్నారు, నేనేం అనను. కానీ శిస్తు ఎవరికి వాళ్లదైంది, తర్వాత ఇనాంలూ పట్టాలైపోయాయి, చెరువు మాత్రం సర్కారుదైంది. సర్కారుకు మా చెరువు ఎక్కడ గుర్తుంటుంది?

ఇప్పుడు మా అత్తగారి ఊరి చెరువుకు పోయి చూస్తే నీళ్లు లేవు, సర్కారు కంప ఉంది. కట్ట లోపలివైపు రాతి పేర్పులో చూడండి ఒకసారి. రెండు రాళ్ల సందులో విత్తనం పడుతుంది, వేరు లావై రాయిని బయటికి తోస్తుంది, ఆ సందులో ఎలుక బొక్క పెడుతుంది. వాన గట్టిగా పడిన ఏడు నీళ్లు ఆ బొక్కనే వెతుక్కుంటాయి. మేకలు కాయలు తిని ఆ విత్తనాల్ని ఊరంతా చల్లుతాయి. కంప కొట్టి బొగ్గు కాల్చి బతికేవాళ్లు ఉన్నారు కాబట్టి దాన్ని పూర్తిగా తిట్టలేను.

తోటకాడ (పులివెందుల)

అక్కా, చెరువుల గురించి అందరూ ఇట్లాగే ముచ్చటగా రాస్తారు. ఆయకట్టు కింద భూమి ఎవరిది? ఊళ్లో పది ఇళ్లది. మాకు చెరువు కింద సెంటు లేదు. మాదంతా గరుసు నేల, మెట్ట. తూము నీళ్లు మా చేలోకి ఏ రాజు కాలంలోనూ రాలేదు. 1876 నుంచి 78 దాకా ధాత కరువు వచ్చినప్పుడు చెరువులన్నీ ఉన్నాయి కదా, మరి జనం పిట్టల్లా ఎందుకు రాలిపోయారు?

మా తాత కొర్ర, సజ్జ, అరిక వేసేవాడు. మా నాయన శెనక్కాయ వేశాడు, ఎందుకంటే చేతికి డబ్బు వచ్చేది అదొక్కటే. అనంతపురం జిల్లా అంతా అట్లాగే శెనక్కాయ అయిపోయింది, ఏడాదికి 550 మిల్లీమీటర్ల వాన కూడా సరిగా పడని చోట. పూతకు వస్తే ఊడ దిగేటప్పుడు రాదు, ఊడ దిగేటప్పుడు వస్తే పీకేటప్పుడు రాదు. నేను బోరు వేసి చీనీ (బత్తాయి) పెట్టా. మా గరుసు గుట్ట పచ్చగా కనిపించింది బోరు వచ్చాకనే. మా నాయన 150 అడుగుల్లో చూసిన నీళ్లు నేను 900 అడుగుల్లో వెతుకుతున్నా, అది నాకు తెలియదనుకోవద్దు. ఎండిన చీనీ చెట్లను జేసీబీతో పీకించిన ఏడు నేను నిద్ర పోలేదు.

ధర్మవరం కోడలు

తమ్ముడూ, ఆయకట్టు మాట నిజమే, కాదనను. కానీ చెరువు నిండితే కింద ఊర్ల బావుల్లో నీళ్లు ఊరేవి, అందులో మెట్ట రైతుకూ వాటా ఉండేది. చిత్రావతి ఇసుకలో ఊట కాలవలు కూడా ఉండేవి. ఎండాకాలం ఏట్లో చాలు తవ్వుతూ పోతే ఇసుక అడుగు నీళ్లు కాలవలోకి నడిచి వచ్చేవి, మోటారు లేదు, కరెంటు లేదు. ఇసుక లారీలు ఒకవైపు, బోర్లు ఒకవైపు, అవి పోయాయి. మిమ్మల్ని అనడం లేదు, మా ఇంట్లోనూ నాలుగు బోర్లు ఉన్నాయి. రెండింట్లో గాలి వస్తుంది.

హగరి గాలి (కణేకల్లు)

ఇసుక మాట వచ్చింది కాబట్టి. మీకు ఇసుక లేక బాధ, మాకు ఇసుకతో బాధ. హగరి అంటే వేదవతి నది. పైన కర్ణాటకలో మారికణివె ఆనకట్ట 1907 నుంచి ఉంది, ఇటు భైరవానితిప్ప కట్టారు. ఏట్లో నీళ్లు పారే రోజులు తగ్గిపోయాయి, ఇసుక మాత్రం ఒడ్డు దాటి చేల మీదికి నడుస్తూనే ఉంది. ఆషాఢంలో గాలి మొదలైతే బొమ్మనహాళ్, కణేకల్లు మండలాల్లో దిబ్బలే లేచి పక్కకు జరుగుతాయి. గెనం కనపడదు, సర్వే రాయి కనపడదు. ఒక ఏడు మా చిన్నాయన చేలో కంది సగం దాకా పూడిపోయింది, తలలు మాత్రం పైకి. ఇసుక తోలిస్తే ఎకరాకు ఎంత అవుతుందో లెక్క వేసి, చేను వదిలేసి కూలికి పోయినవాళ్లు ఉన్నారు.

దర్గా హొన్నూరు వైపు వచ్చి ఫోటోలు తీసుకునేవాళ్లు "మన దగ్గర రాజస్థాన్" అని పెడుతుంటారు. ప్రీ వెడ్డింగ్ షూట్లు కూడా. ఒడ్డున అడ్డుగా ఉన్న చెట్టూ చేమా కొట్టేసింది ఎవరు, ఏట్లో నీళ్లు ఎందుకు లేవు అని మాత్రం ఎవరూ అడగరు.

నిర్వాహకుడు

మన్రో దగ్గర మొదలై కులాల దగ్గర తేలిన రెండు పోస్టులు తీసేశాను. నేల మీద ఉండండి.

పిట్టల పిచ్చి (కర్నూలు)

అందరూ నీళ్ల గురించి రాశారు, నేను గడ్డి గురించి రాస్తా. రోళ్లపాడు తెలుసు కదా, బట్టమేక పిట్ట కోసం 1988లో అభయారణ్యం చేశారు, 614 హెక్టార్లు. అరణ్యం అని పేరే కానీ అది కసువు బీడు. గొర్లు, పశువులు మేస్తూ, చుట్టూ జొన్న, శెనక్కాయ చేలు ఉంటూ, అప్పుడప్పుడూ బీడు వదిలేస్తూ తయారైన నేల. బట్టమేక పిట్ట మనిషి వేసిన చేలల్లోనూ మేసేది. మనం కాపాడదామని కంచె వేసి మేత ఆపేస్తే కొన్ని చోట్ల గడ్డి మరీ ఎత్తుగా పెరిగింది. కృష్ణజింకలు పెరిగాయి, రైతుల పైర్లు తింటున్నాయి. బయట కాలువ నీళ్లొచ్చి మెట్ట పైర్లు పోయాయి. పిట్ట కనపడటం మానేసింది. మొత్తం తప్పు అటవీ శాఖదీ కాదు, కాలువదీ కాదు. కానీ చేయి తీసేస్తే ప్రకృతి తనంతట తాను బాగుపడుతుందనే మాట ఇక్కడ పని చేయలేదు.

కడప వైపు కలివికోడి ఇంకా విచిత్రం. 1900 తర్వాత ఎవరికీ కనపడలేదు, అంతరించిందనుకున్నారు. 1986లో సిద్ధవటం వైపు లంకమల అడవి దగ్గర మళ్లీ దొరికింది. దట్టమైన అడవిలో ఉండదు, బోడి నేలలోనూ ఉండదు. పొదకూ పొదకూ మధ్య సందు ఉండాలి. ఆ సందు ఉండేది మేకలు తిరగడం వల్ల, కట్టెలు కొట్టుకోవడం వల్ల. మరీ ఎక్కువ కొట్టినా పోతుంది, పూర్తిగా మానేసినా పోతుంది. దాని దారిలోకి తెలుగుగంగ కాలువ వచ్చినప్పుడు గొడవై కాలువ దారి కొంత మార్చారు.

మేకల కాపరి అడవికి శత్రువని బడిలో మాకు చెప్పారు. ఏ పిట్ట వైపు నుంచి చూస్తున్నామో ముందు చెప్పాలి.

ముంపు ఊరు (నందికొట్కూరు)

మా ఊరు పాత పని లెక్కలోకి వస్తుందో రాదో. శ్రీశైలం డ్యామ్ కింద 1981లో ఖాళీ చేయించారు. కృష్ణ ఒడ్డున నల్లటి ఒండ్రు నేల, నీళ్లు పెట్టకుండానే పండేది. పరిహారం రేటు చెప్తే ఇప్పటి పిల్లలు నమ్మరు. ఎండాకాలం నీళ్లు దిగితే సంగమేశ్వరం గుడి బయటపడుతుందని టీవీలో వస్తుంది చూడండి, అందులో వేపమొద్దు శివలింగం ఉంది. టీవీవాళ్లు గుడినే చూపిస్తారు. అదే సమయంలో మా మిద్దెల మొండిగోడలు కూడా బయటపడతాయి. మట్టి, చౌడు కప్పు ఎప్పుడో కరిగిపోయాయి, రాతి పునాదులు, గడప రాళ్లు, రోళ్లు మిగిలాయి. ఏ వీధి ఎటు పోతుందో ఇప్పటికీ చెప్పగలను.

నీళ్లు దిగగానే ఆ ఒండ్రులో మావాళ్లు పోయి పైరు పెడతారు. సొంత భూమే, కాగితం మీద కాదు. ఈ నీళ్లతోనే తెలుగుగంగ, హంద్రీనీవా నడుస్తున్నాయి, జీడిపల్లి దాకా కృష్ణ నీళ్లు పోయినప్పుడు అనంతపురం వాళ్లు పూలు చల్లారు. మంచిదే, చల్లాలి. అడుగున మా కళ్లాలు ఉన్నాయని ఒక మాట అనుకుంటే చాలు.

సగిలేటి అబ్బి

అన్నా, మీ ఊరే ముందు లెక్కలోకి వస్తుంది. ఇట్లాంటివి రాస్తారనే ఈ చర్చ పెట్టింది.

పాత సర్వేయరు

రిటైరయ్యాను కాబట్టి ధైర్యంగా రాస్తున్నా. మీరంతా నేల చూసి చెప్తున్నారు, నేను రికార్డు చూసి చెప్తా. మీ ఊరి పాత డైగ్లాట్ (సెటిల్మెంటు నాటి భూమి రిజిస్టరు) తీసి పోరంబోకు లెక్కలు చదవండి. చెరువు పోరంబోకు, వంక పోరంబోకు, మేత పోరంబోకు, కళ్లం పోరంబోకు, బండిదారి. ఊరు ఎట్లా బతికిందో ఆ పేర్లలోనే ఉంది. ఇంత నేల పశువులకు, ఇంత నీళ్లు నడవడానికి, ఇంత నూర్పిడికి అని వదిలిపెట్టారు. తర్వాత వచ్చిన రికార్డుతో పక్కన పెట్టి చూస్తే అవి ఒక్కొక్కటే ఎట్లా పోయాయో కనపడుతుంది.

2022 అక్టోబరులో పండమేరు వాగు పొంగి అనంతపురంలో కాలనీలు మునిగాయి. అందరూ వానను తిట్టారు. అనంతపురం, బుక్కరాయసముద్రం మధ్య చెరువు 14వ శతాబ్దంలో ఆ పండమేరు నీళ్ల కోసమే కట్టింది. ఏటికి తన దారి తెలుసు, మనకే తెలియదు.

గని, శకునాల అనే ఊళ్ల దగ్గర 1000 మెగావాట్ల సోలార్ పార్కు వచ్చింది, 2017లో, దాదాపు 6 వేల ఎకరాల్లో. ఆ నేలను "పనికిరాని భూమి" అంటే నాకు ఒళ్లు మండుతుంది. గొర్ల కాపరిని అడగండి పనికొచ్చేదో కాదో. కరెంటు వద్దని కాదు, నా ఇంటి మీద కూడా ప్యానెళ్లు ఉన్నాయి. రికార్డులో ఏ మాట రాస్తే నేల గతి అదే అవుతుంది, నలభై ఏళ్లు నేను చేసిన పని అదే కాబట్టి చెప్తున్నా.

రేగడి నేల

సర్, బేతంచెర్ల, తాడిపత్రి నాపరాళ్ల గుట్టల సంగతి ఎవరూ ఎత్తలేదు. పాలిష్ ఫ్యాక్టరీల తెల్లబూడిద రోడ్డు పక్కన గుట్టలుగా పోస్తున్నారు. ఐదు వేల ఏళ్ల తర్వాత ఏదో రాక్షసుడిదని కథ కడతారేమో.

కందిచేను

😂 ఆ కథ రాసేవాళ్లు మా ఊరి వాళ్లే అయ్యుంటారు.

తోటకాడ

సర్వేయరు సార్, ఒక డౌటు. మా చీనీ తోటలో పడమటి మూల పల్లంగా ఉంటుంది, గట్టి వాన పడితే నీళ్లు అక్కడే నిలుస్తాయి. మా నాయన కాలంలోనే చదును చేశారు. పాత నక్షలో అది వంక అని ఉంటే ఇప్పుడు నేను టెన్షన్ పడాలా?

పాత సర్వేయరు

ముందు ఎఫ్ఎంబీ (పొలం కొలతల పుస్తకం) కాపీకి అర్జీ పెట్టుకో నాయనా, సర్వే నంబరు రాసి. వంక అని ఉంటే ఆ పల్లంలో చెట్లు పెంచకు, గట్టు తీసేసి నీళ్లు పోనీ. కింద చేను వాడిది ఏ నంబరో కూడా చూసుకో, మొదటి గొడవ వాడితోనే వస్తుంది.

తోటకాడ

కింద చేను మా బావమరిదిది సార్.

పాత సర్వేయరు

అయితే రేపే పెట్టుకో అర్జీ.